క్యాను నీళ్ళ క్రోటన్

జనవరి 3, శుక్రవారం

ఈ డైరీ రొయ్యల మేత కంపెనీ వాళ్ళు మగ్దలీనమ్మ మొగుడికిచ్చింది. వాళ్ళింట్లో రాసేవాళ్ళెవరూ లేరని గోడ మీదుగా నాకందించి, బ్లౌజుల కొలతలు రాసుకోమంది. కొలతలకు నాకు వేరే పుస్తకముంది. ఇందులో ఏం రాయాలా అనుకుంటుంటే ఇవాళ రాయాల్సింది వచ్చి నెత్తిన పడింది.

కృపాదానం గారు ప్యాంటు కాళ్ళు పొట్టి చేయించుకోవడానికి వచ్చి, మిషను పక్కన నిలబడి, నన్ను పెళ్ళి చేసుకుంటారా అని అడిగారు. సూది విరిగింది. నిజంగానే విరిగింది, ఊరికే రాయడం లేదు.

నాకు యాభై నాలుగు. మా అమ్మాయి షారన్ వాళ్ళ నాన్న పోయి ఎనిమిదేళ్ళు. ఈయనకు అరవై. అండమాన్‌లో పోర్ట్ బ్లెయిర్ ఓడరేవులో క్రేను నడిపి రిటైరై, క్రిస్మస్‌కు మా ఊరొచ్చి తమ్ముడింట్లో దిగారు. భార్య అబిగయీలు గారు అక్కడే, ఆ దీవిలోనే పోయారు. పిల్లలు లేరు. మార్చి నాలుగున చెన్నైలో మళ్ళీ ఓడెక్కాలి.

"ఎక్కమంటే ఎక్కతా. ఉండమంటే ఈడనే ఉండిపోతా. మీరు చెప్పండి" అన్నారు.

ఏం చెప్పను? కొత్త సంవత్సరం ఆరాధన రోజున ఆయన పెయింటు డబ్బాలో తెచ్చి ఇచ్చిన మొక్క అరుగు మీదే ఉంది. నోటికి అదే వచ్చింది. "ముందు ఈ మొక్క బతకనీయండి, తర్వాత చూద్దాం" అన్నాను. ఆయన నవ్వారు. ప్యాంటు నాకివ్వకుండా చంకలో పెట్టుకునే వెళ్ళిపోయారు.

జనవరి 5, ఆదివారం

మొక్క గురించి రాస్తాను. అది బతికేదాకా నాకు వేరే ఆలోచనేమీ లేదు.

క్రోటన్. ఆ మాత్రం నాకు తెలుసు, మా చర్చి కాంపౌండులోనూ ఉన్నాయి. కానీ ఇలాంటిది చూడలేదు. ఒకే కొమ్మకు ఒక ఆకు వెడల్పు, ఒకటి సన్నం, ఒకటి స్క్రూ మాదిరి మెలి తిరిగి ఉంది. అన్నిటికంటే వింత, ఒక ఆకు సగం దాకా వచ్చి ఆగిపోయింది. ఈనె మాత్రం మిగిలింది. ఆ ఈనె చివర మళ్ళీ చిన్న ఆకు వేలాడుతోంది. ఒక్కో దాని మీద ఒక్కో రంగు, ఎరుపు, పసుపు, మధ్యలో చుక్కలు. నా మిషను కింద కత్తిరించిన ముక్కల గుట్ట కూడా ఇంత కలగాపులగంగా ఉండదు.

"ఈ ఆకేంది ఇట్టా తెగింది?" అని ఇచ్చిన రోజే అడిగాను.

"తెగలా. ఆగి, మళ్ళా మొదలయింది" అన్నారాయన. చెప్పేవాళ్ళు చెబితే ఆకు కూడా తెలివైనదైపోతుంది.

పోర్ట్ బ్లెయిర్‌లో ఇళ్ళ ముందు కంచెలాగా వేసుకుంటారట. అసలు సొంత ఊరు మాత్రం ఇంకా తూర్పున ఉన్న దీవులట. అక్కడ అడవిలో పెద్ద చెట్ల కింద, రాలి కుళ్ళిన ఆకుల మన్నులో, ఎవరూ పెట్టకుండానే మొలుస్తుందట. రోజూ వాన. గాలిలో చెమ్మ. మా ఊళ్ళో ఏముంది? ఇసుక, ఉప్పు గాలి, చుట్టూ రొయ్యల గుంటలు. నీడలో పెట్టమన్నారు. వెనక దొడ్లో బాత్రూము గోడ చాటున పెట్టాను. నీడ కోసమే. ముందు అరుగు మీద పెడితే బ్లౌజులకొచ్చే ఆడవాళ్ళందరూ ఎవరిచ్చారని అడుగుతారు, అది వేరే సంగతి.

చర్చిలో అందరూ ఆయన్ని అన్నా అంటారు. మొన్నటిదాకా నేనూ అన్నాననే మాట తలుచుకుంటే చెవులు కాలుతున్నాయి. ఇప్పుడేమని పిలవాలి? బ్రదర్ అంటే ఇంకా అన్యాయం. ఇవాళ "వందనాలు" అని గబగబా చెప్పులేసుకుని వచ్చేశాను.

జనవరి 11, శనివారం

ఆకులు రాలుతున్నాయి. వెడల్పుది పోయింది. మెలి తిరిగింది పోయింది. మిగిలినవాటి అంచులు కాఫీ మరకల్లా మాడుతున్నాయి.

మంచిదే. బతకకపోతే నేను చెప్పాల్సిన పని తప్పుతుంది.

మధ్యాహ్నం అన్నం సయించలేదు.

జనవరి 13, సోమవారం

తప్పు నీళ్ళది. రొయ్యల గుంటలొచ్చాక మా బోరు నీళ్ళతో పప్పు కూడా ఉడకడం లేదు, దీవిలో వాన తాగిన మొక్కకు అవే పోశాను. ఏం మనిషిని! ఇవాళ నేను తాగే క్యాను నీళ్ళు పోశాను. చెంబెడే.

జనవరి 18, శనివారం

మగ్దలీనమ్మ గోడ మీదుగా చూసేసింది.

"ఏమ్మే, క్యాను నీళ్ళు కొని చెట్టుకు పోస్తా ఉండావా? మీ ఇంటికొచ్చినోళ్ళకు మాత్రం బోరు నీళ్ళిస్తావు!"

"క్యాను అడుగున మిగిలినవిలే అక్కా."

"అడుగునవా? సీలు ఇప్పుడే పీకినావు గదా! యాడిదా చెట్టు?"

"కొన్నాను."

అబద్ధమాడాను. మా చర్చి స్త్రీల సమాజం సెక్రటరీతో, అదీ గోడ మీదుగా. ఆమె నమ్మలేదు. నమ్మని మనిషి ముఖం ఎలా ఉంటుందో ఈ ఊళ్ళో ఆమె ముఖం చూసే అందరూ నేర్చుకున్నారు.

జనవరి 24, శుక్రవారం

ఇవాళ కృపాదానం గారు ఇటు రాలేదు. మంచిదే, ఆగిపోయిన బ్లౌజులన్నీ పూర్తయ్యాయి.

జనవరి 25, శనివారం

ఇవాళా రాలేదు. మంచిదే.

జనవరి 26, ఆదివారం

చర్చికీ రాలేదు. జ్వరమట. నేనడగలేదు, మగ్దలీనమ్మే చెప్పింది, చెప్పి నా ముఖంలోకి చూసింది. మిరియాల చారు కాచి వాళ్ళ తమ్ముడింటికి పంపాను. చర్చి మనిషికి జ్వరమొస్తే ఎవరైనా పంపుతారు. చిన్న చేపలు నాలుగు వేయించి కూడా పెట్టాను. అవి ఊరికే, ఇంట్లో ఉన్నాయని.

ఇంట్లో లేవు. కొన్నాను. ఇది నా డైరీ, ఇందులో కూడా అబద్ధమెందుకు?

ఫిబ్రవరి 1, శనివారం

మొక్క చావలేదు. చిగురు వేసింది! పొద్దున చూసి "స్తోత్రం ప్రభువా" అని గట్టిగానే అన్నాను.

కానీ చిగురంతా పచ్చన. చుక్క ఎరుపు లేదు, పసుపు లేదు. ఆకుల ఆకారాలు మాత్రం ఎవరిష్టం వాళ్ళదే. కృపాదానం గారు జ్వరం తగ్గి మధ్యాహ్నం వచ్చారు. చిక్కిపోయారు. మొక్క ముందు గొంతుక్కూర్చుని చాలాసేపు చూశారు.

"నాదే తప్పు. అడవిలో నీడన పెరిగేది గదా అని నీడలో పెట్టమన్నా. ఆ దీవుల్లో నీడ గూడా వెలుతురుగా ఉంటాది. ఈ గోడ సందులో చీకటి. మా క్వార్టర్సు ముందర ఎండలో ఉండే మొక్కకే రంగు. దీన్ని ముందరికి తేవాల."

"ముందర పెడితే అందరూ అడుగుతారు."

"అడగనీండి."

"మీకేం! మీరు ఓడెక్కి పోతారు. సమాధానాలు చెప్పుకోవాల్సింది నేను."

ఆయన లేచి నిలబడ్డారు. "పోమంటేనే పోతా అని చెప్పినా గదా" అన్నారు. నిదానంగానే అన్నారు. నాకే కోపం వచ్చింది. ఎందుకొచ్చిందో మాత్రం ఇప్పటికీ తెలియలేదు. టీ ఇవ్వకుండానే పంపేశాను. జ్వరం తగ్గిన మనిషిని.

ఫిబ్రవరి 2, ఆదివారం

మొక్కను ఇంటి పక్క సందులోకి మార్చాను. సగం పూట ఎండ పడుతుంది. ముందర కాదు, వెనక కూడా కాదు. సముద్రం గాలి తగలకుండా పాత చీర కట్టాను.

"చెట్టుకు చీర కట్టినావా!" అంది మగ్దలీనమ్మ. ఈ గోడ ఇంకో మూరెడు లేపించాలి.

ఫిబ్రవరి 9, ఆదివారం

షారన్ కావలి నుంచి వచ్చింది. డ్యూటీ లేదట. చెప్పాను. రాయను.

ఫిబ్రవరి 10, సోమవారం

రాస్తాను.

నేను చెప్పిందంతా విని, కూర కలుపుకుంటూ, తల ఎత్తకుండా, "నాన్న ఫోటో ఎక్కడ పెడతావమ్మా?" అంది. అంతే. నర్సు కదా, సూది ఎక్కడ గుచ్చాలో తెలుసు. బస్సెక్కేటప్పుడు నా చెయ్యి పట్టుకుంది, వదల్లేదు, కండక్టరు అరిచేదాకా.

ఫోటో హాల్లో ఉంది, మిషనుకు ఎదురుగా. ఎనిమిదేళ్ళుగా దాన్ని చూస్తూనే కుడుతున్నాను. ఆయన లేరన్న ఏడుపు ఎప్పుడో అయిపోయింది, ఇప్పుడది నా అలవాటు. దాన్ని తీసే చెయ్యి నాకు లేదు. తీయమనే మనిషి నాకు వద్దు.

కాబట్టి అయిపోయింది. మొక్క సంగతి మొక్కది, నా సంగతి నాది.

ఫిబ్రవరి 13, గురువారం

కృపాదానం గారితో కాదని చెప్పడానికే పిలిచాను. ఎలా మొదలుపెట్టాలో తెలియక, షారన్ అడిగిన ప్రశ్నే ఆయన్ని అడిగాను.

ఆయన హాల్లోకి వచ్చి, ఫోటో ముందు నిలబడి, గోడను ఆ చివర నుంచి ఈ చివరకు చూశారు. "ఈ గోడ ఆయనది. దీన్ని తాకే పని లేదు. పక్క గోడ ఖాళీగా ఉండాది గదా, దానికి మేకు కొడదాం. మా అబిగయీలు ఫోటో తగిలించాల. నేనూ దాన్ని పెట్టెలో పెట్టి మూయలేను గదా" అన్నారు.

నేను వంటింట్లోకి పోయి నిలబడ్డాను. కళ్ళు తుడుచుకుని టీ పెట్టాను. ఈసారి టీ తాగే వెళ్ళారు. కాదని చెప్పలేదు. అవునని కూడా చెప్పలేదు. మొక్కకింకా రంగు రాలేదు కదా!

షారన్‌కు ఫోన్ చేసి ఆయనన్న మాట చెప్పాను. ఏ గోడకని రెండుసార్లు అడిగింది. తర్వాత, "మేకు నాన్న ఫోటో అంత ఎత్తులోనే కొట్టమను, వంకరగా కొడితే ఊరుకోను" అంది. ముక్కు ఎగబీల్చింది. నేనూ ఎగబీల్చాను.

ఫిబ్రవరి 16, ఆదివారం

మా పాస్టరు రూఫస్ అయ్యగారు చర్చిలో ప్రకటనలు చదివారు. కోత పండుగ మార్చి రెండున. కోతలింకా సగం కూడా కాలేదు, కానీ ఆ బుధవారం నుంచి ఈస్టర్‌కు ముందు నలభై రోజుల శ్రమల దినాలు మొదలు, వేలం పాటలూ కేకలూ అప్పుడు బాగుండవు. ఎప్పటిలాగే ముందురోజు శనివారం స్త్రీల సమాజం వాళ్ళు ట్రాలీ ఆటోలో ఇల్లిల్లూ తిరుగుతారు. గేటు దగ్గర ఏది పెట్టి ఉంటే అది దేవుని కానుకని ఎత్తుకుని, ఆదివారం చర్చిలో వేలం వేస్తారు. తలుపు కొట్టరు, అడగరు. గుమ్మడికాయ కావచ్చు, కోడి కావచ్చు. నేనెప్పుడూ పిల్లల గౌన్లు కుట్టి ఆదివారం చేతికే ఇస్తాను కాబట్టి ఆ శనివారంతో నాకు పని లేదు.

ఫిబ్రవరి 20, గురువారం

ఎరుపు వచ్చింది!

కొత్త ఆకు ఈనె పొడవునా సన్నగా, దారం లాగినట్టు. కిందిదానికి పసుపు చుక్కలు. ముసలిదాన్ని, గంతులేయలేను కాబట్టి వేయలేదు. మిషను దగ్గర కూర్చుని పాట పాడుకున్నాను. బ్లౌజు చేతులు తిరగేసి కుట్టాను. విప్పి మళ్ళీ కుట్టాను. మళ్ళీ తిరగేసే కుట్టాను.

ఫిబ్రవరి 27, గురువారం

మొక్క బతికింది. రంగు తిరిగింది. ఇంక దాని మీద వంక పెట్టి లాభం లేదు.

ఆయన వచ్చే వేళకు వీధి వైపు చెవి పోతోంది. రాకపోతే రోజు పొడుగైపోతోంది. నాకు ఆయన కావాలి. ఇదిగో, రాశాను. రాస్తే ఏమీ కూలిపోలేదు.

ఆదివారం ఆరాధన అయ్యాక చెబుతాను. మంగళవారం ఓడ. ఇంకా టైముంది.

మార్చి 1, శనివారం

నన్ను చెప్పు తీసుకుని కొట్టాలి.

పొద్దున్నే మొక్కను సందులోంచి ఈడ్చుకొచ్చి గేటు పక్కన పెట్టాను. పెయింటు డబ్బాను తుడిచి మరీ. చర్చి అలంకరణకు కృపాదానం గారు ఈ దారినే పోతారు, ముందుకు తెచ్చానని చూస్తారు, రేపు నేను నోరు తెరిచే ముందే సగం అర్థమవుతుంది అని. ఎంత గొప్ప ఆలోచన! పెట్టి, కొత్త చీరకని నెల్లూరు బస్సెక్కాను. తిరిగొచ్చేసరికి గేటు పక్కన తడి వలయం మాత్రమే ఉంది.

మొదట దొంగలనుకున్నాను. తర్వాత ఇవాళ ఏ రోజో గుర్తొచ్చింది.

చర్చికి పరుగెత్తాను. ప్రభువు బల్ల ముందు గుమ్మడికాయలు, అరటి గెలలు, కాళ్ళు కట్టేసిన కోళ్ళు, ఐసు పెట్టెలో రొయ్యలు. ముందు వరసలో నడిమధ్యన నా క్రోటన్.

"అక్కా, అది కానుక కాదు! ఎండకు పెట్టాను!"

"గేటు కాడ పెట్టినావు గదమ్మే!" అంది మగ్దలీనమ్మ. "నేనే ఆటోలో ఒళ్ళో పెట్టుకుని తెచ్చినా. అయ్యగారు ప్రార్థన గూడా చేసేసినారు. బల్ల ముందర పెట్టింది వెనక్కి అడగతారా యాడన్నా? రేపు పాటలో పాడుకో."

"ముందు వరసలో ఎవరు పెట్టారు?"

"కృపాదానం అన్న. అరటి బోదెలు కడతా ఉండి, నా ఒళ్ళో దీన్ని చూసి నిచ్చెన దిగినాడు. ఎవరిచ్చినారని అడిగినాడు. చెప్పినా. తానే ఎత్తి మధ్యలో పెట్టి, ఇంటికి పోయినాడు."

నేను చెప్పాల్సిన జవాబు ఎవరో వేరేవాళ్ళు, తిరగేసి చెప్పేశారు. ఫోన్ చేశాను. ఎత్తలేదు. మళ్ళీ చేశాను. ఎత్తలేదు. వాళ్ళ తమ్ముడింటికి పోదామని వీధి మలుపు దాకా పోయి ఆగాను. ఆయన మాత్రం అడగకూడదా, ఎందుకిచ్చేశారని? అడగకుండా ఎత్తి ముందు వరసలో పెట్టేస్తారా? అంత తేలికా? నాకూ పౌరుషముంది. వెనక్కొచ్చేశాను.

పౌరుషాన్ని కాల్చనా!

మార్చి 2, ఆదివారం

కొత్త చీర కట్టుకున్నాను. ఎందుకో తెలియదు. ఇంకేం పోయేదుంది అని కావచ్చు.

ఆయన మగవాళ్ళ వైపు గోడకానుకుని కూర్చున్నారు. ఒక్కసారి కూడా ఇటు చూడలేదు. ఆరాధన అయ్యాక రూఫస్ అయ్యగారు మైకు తీసుకుని వేలం మొదలుపెట్టారు. కోళ్ళు పోయాయి. రొయ్యలు పోయాయి. గుమ్మడికాయ కోసం బావాబావమరుదులిద్దరు పంతానికి పోయి అందరినీ నవ్వించారు. తర్వాత అయ్యగారు క్రోటన్ డబ్బాను పైకెత్తారు.

"చూడండి, ఒక్క చెట్టు, ఎన్ని రకాల ఆకులో! ఎవరు పాడతారు?"

మగ్దలీనమ్మ పాడింది. ఆమెకు దాని మీద మొదటి నుంచీ కన్నుంది. నేను కృపాదానం గారి వైపు చూశాను. తల వంచుకునే ఉన్నారు. పాడలేదు. నేనే ఇచ్చేశాననుకున్న మనిషి ఎందుకు పాడతారు?

మా చర్చిలో ఆడవాళ్ళు మొగుళ్ళ చెవిలో చెప్పి పాడిస్తారు, లేదంటే మగ్దలీనమ్మలా ఉండాలి. నేను ఎనిమిదేళ్ళుగా ఏదీ పాడలేదు. లేచి నిలబడ్డాను. పాడాను.

మగ్దలీనమ్మ పెంచింది. నేను పెంచాను. ఆమె నా వైపు వింతగా చూసి మళ్ళీ పెంచింది. నేను పెంచాను. ఆమె ఆగింది. నేను మళ్ళీ పెంచాను.

"అమ్మా ఎవాంజెలిన్ గారూ, మీ పాట మీద మీరే పాడతా ఉండారు" అన్నారు అయ్యగారు. చర్చంతా గొల్లుమంది. నాకు చెమటలు పోస్తున్నాయి. ఒకటోసారి, రెండోసారి, మూడోసారి అన్నారు.

"ఎవరి పేరు రాయమంటారమ్మా?"

అందరికీ అడిగే మాటే. గుమ్మడికాయకూ అడిగారు. నేను మాత్రం నిలబడిపోయాను. ఇప్పుడు కూర్చుంటే మంగళవారం ఓడ వెళ్ళిపోతుంది. అదొక్కటే తలలో ఉంది.

"రెండు పేర్లు రాయండి అయ్యగారూ. కృపాదానం గారిదీ నాదీ."

నవ్వులు ఆగిపోయాయి. కాళ్ళు కట్టేసిన కోడి ఒకటి కూసింది. అయ్యగారు మైకు దించి, గొంతు తగ్గించి అడిగారు. "అమ్మా, ఇది చెట్టు గురించేనా?"

"చెట్టు గురించి కూడా, అయ్యగారూ."

"దేవునికి స్తోత్రం!" అని మగ్దలీనమ్మ అరిచిన అరుపు సముద్రం దాకా పోయి ఉంటుంది. కృపాదానం గారు లేచారు. మగవాళ్ళెవరూ దాటని మధ్య దారి దాటి ఆడవాళ్ళ వైపుకు వచ్చారు. ముఖం ఎర్రగా ఉంది.

"మీరే ఇచ్చేసినారనుకున్నా" అన్నారు.

"అడగొచ్చు కదా!"

"అడిగితే అవునంటారేమోనని భయమేసింది."

అరవై ఏళ్ళ మనిషి, క్రేను నడిపిన మనిషి, అందరి ముందూ ఆ మాట అన్నారు. నేను నోట్లో కొంగు పెట్టుకున్నాను. అప్పుడు అయ్యగారు మైకు మళ్ళీ పైకెత్తి, శ్రమల దినాలు అయ్యాక, ఈస్టర్ దాటాక పెళ్ళనీ, మొదటి ప్రకటన ఏ ఆదివారం చదవమంటారనీ అడిగారు. "వచ్చే ఆదివారమే" అని మగ్దలీనమ్మ చెప్పింది. మమ్మల్నెవరూ అడగలేదు.

షారన్‌కు చర్చి మెట్ల మీది నుంచే ఫోన్ చేశాను. "మైకులో చెప్పావా అమ్మా!" అని ఆగకుండా నవ్వింది.

కృపాదానం గారు డబ్బా ఎత్తుకున్నారు. మధ్యాహ్నం, వీధి నిండా జనం, అరుగుల మీద అందరూ చూస్తున్నారు. ఆయన ముందు నడవాలా, నేను వెనక నడవాలా, నాకేం తెలియలేదు. పక్కనే నడిచాను.